ఇటుకల మీద బీరువా

మొదటి రోజు

హనుమకొండలో మధ్యాహ్నం ఎక్కిన బస్సు ఉప్పల్‌లో దింపేసరికి సాయంత్రం అయిదున్నరయింది. అక్కడినుంచి ఆటో. రామంతాపూర్, అంబర్‌పేట దాటి మూసారాంబాగ్ బ్రిడ్జి మీదికి రాగానే ఆటో ఆయన వేగం తగ్గించి పక్కకు తొంగి చూశాడు. రెండు రోజులుగా ముసురు. మూసీ నల్లగా, నురగలు కక్కుకుంటూ, బ్రిడ్జికి కొంచెం కిందుగా పోతోంది.

"పైన గేట్లు లేపితే ఇది బంద్ చేస్తరు సార్. ఇయ్యాల పోనిస్తున్నరు, రేపెట్లుంటదో" అన్నాడు.

పెద్దమ్మ ఈ బ్రిడ్జి దాటిన ప్రతిసారీ కాళ్ళ దగ్గర పెట్టుకున్న సంచీని తీసి ఒళ్ళోకి ఎత్తుకునేది. రిక్షాల కాలంలోనూ అంతే, ఆటోల కాలంలోనూ అంతే. అవతలి ఒడ్డు చేరాక మళ్ళీ కింద పెట్టేది. చిన్నప్పుడు ఆమె పక్కన కూర్చుని ఎన్నోసార్లు చూశాను. ఎందుకని అడగాలని తోచలేదు. ఇప్పుడు అడుగుదామంటే ఆమె పోయి తొమ్మిది రోజులైంది.

సంక్రాంతి వెళ్ళాక ఒకరోజు తనే ఫోన్ చేసింది. "ఒరేయ్, నువ్వు పిల్లలకు పాఠాలు చెప్తవు గద. ఒకటి చెప్పు. మనిషి పోయినంక ఏం మిగులుతది?" అని అడిగింది. నేను జూనియర్ కాలేజీలో తెలుగు చెబుతాను. నాకు వచ్చిందేదో చెప్పాను. ఆత్మ గురించి, సూక్ష్మశరీరం గురించి, గీత 15వ అధ్యాయంలోని పోలిక గురించి. గాలి పూలలోంచి వాసనను పట్టుకుపోయినట్టు, దేహం వదిలేటప్పుడు జీవుడు మనసునూ ఇంద్రియాలనూ వెంటబెట్టుకుపోతాడని. అంతా విన్నది. విని, "అది పోయేదాని సంగతి గద బిడ్డా. నేనడిగింది మిగిలేదాని సంగతి" అన్నది.

నాకు మాట రాలేదు. నిజమే కదా. మన పెద్దలు చెప్పినదంతా ప్రయాణం గురించే. ఎటు పోతాడు, ఏ దారిన పోతాడు, ఏం మోసుకుపోతాడు. గాలి సంగతి చెప్పారు, వాసన సంగతి చెప్పారు. కొమ్మన మిగిలిన పువ్వు సంగతి ఎవరూ పట్టించుకోలేదు. పెద్దమ్మ అడిగింది దాని గురించి. ఆమె ఉండగా జవాబు చెప్పలేకపోయానన్న బాధ ఆ నల్లటి నీళ్ళను చూస్తుంటే మళ్ళీ పైకి వచ్చింది.

పెద్దమ్మ కొడుకు, మా అన్న వాళ్ళ ఫ్లాటు మూడో అంతస్తు. ప్రాణం పోయిన చోట దీపం వెలుగుతోంది. దానికి ఎదురుగా ఆమె బీరువా, రెండు తలుపుల ఆకుపచ్చ ఇనప బీరువా. దాని నాలుగు కాళ్ళ కింద నాలుగు ఇటుకలు. పదేళ్ళుగా వస్తూపోతూ ఉన్నా అవి నా కంట్లో పడలేదు. కింద కూర్చుని దీపం వైపు చూస్తుంటే కనిపించాయి.

"మూడో అంతస్తుల ఇటుకలెందుకే అన్నా?"

"అమ్మ పెట్టించింది. బీరువా పైకి తెచ్చిన హమాలీలను పోనియ్యలే. పక్కన ఇల్లు కడ్తుంటే అక్కడికెంచి నాలుగు తెప్పించి, పెట్టినంకనే పైసలిచ్చింది. ఇక్కడిదాంక మూసీ రాదే అమ్మా అంటే, రాకుంటె మంచిదే గద అన్నది."

ఆ తర్వాత అన్న చెప్పిన కథ నాకు ముక్కలుగా తెలుసు, ఒకచోట కూర్చి ఎప్పుడూ వినలేదు. పెద్దమ్మకూ మా అమ్మకూ అమ్మమ్మ, అంటే మా ముత్తవ్వ, చాదర్‌ఘాట్‌లో పుట్టింది. 1908 సెప్టెంబర్ 28న మూసీ పొంగినప్పుడు ఆమెకు తొమ్మిదేళ్ళట. ఊళ్ళో పెద్దవాళ్ళు ఆ వరదను ఇప్పటికీ తుగ్యానీ అంటారు. అఫ్జల్‌గంజ్ వంతెన, ముస్లింజంగ్ వంతెన, చాదర్‌ఘాట్ వంతెన కొట్టుకుపోయాయి. సుమారు 15 వేల మంది పోయారని లెక్క. ముత్తవ్వ ఇంట్లో అటక మీద ఉన్నవి మిగిలాయి. నేల మీద ఉన్నవన్నీ పోయాయి, చాప మీద పడుకోబెట్టిన ఏడాది తమ్ముడితో సహా.

ఆమె ఆ తర్వాత బతికినన్నాళ్ళూ ఇంట్లో ఏ పెట్టెనూ నేలకు ఆననివ్వలేదు. ఆమెను చూసి ఆమె కూతురు, కూతుర్ని చూసి పెద్దమ్మ.

ముత్తవ్వ పేరేమిటని అన్నను అడిగాను. తెలియదన్నాడు. హనుమకొండకు ఫోన్ చేసి అమ్మను అడిగాను. చాలాసేపు ఆలోచించి, "అవ్వా అనేటోళ్ళం రా" అన్నది.

రెండో రోజు

పదో దినం. తెల్లవారుజామునే ఘాటుకు పోయాం. పంతులు మంత్రాలు, అన్న తడిబట్టలు, పిండాలు. పిట్టకు పెట్టాక అందరం దూరం జరిగి నిలబడ్డాం. ముందు పావురాలు దిగాయి. అన్న బామ్మర్ది వాటిని కొట్టేసరికి లేచి గోడ మీద కూర్చున్నాయి, మళ్ళీ దిగాయి. కాకి రావడానికి ముప్పావుగంట పట్టింది.

ఆ ముప్పావుగంట నేను కాకుల గురించే ఆలోచించాను. 2006లో అమెరికాలోని సియాటిల్‌లో, వాషింగ్టన్ విశ్వవిద్యాలయం పరిశోధకులు ఒక గుహమానవుడి ముసుగు తగిలించుకుని కొన్ని కాకులను పట్టుకున్నారు, గుర్తులు కట్టి వదిలేశారు. ఆ తర్వాత ఆ ముసుగు పెట్టుకుని ఎవరు నడిచినా కాకులు వెంటపడి అరిచేవి. ఏళ్ళు గడిచేకొద్దీ అరిచే కాకులు పెరిగాయి. ఎప్పుడూ పట్టుబడనివీ అరిచాయి, ఆ సంఘటన తర్వాత పుట్టిన పిల్లలూ అరిచాయి. పట్టుబడ్డ కాకి భయం దాని రెక్కల్లోంచి బయటికొచ్చి, దాన్ని ఎన్నడూ ఎరగని కాకి కంట్లో కూర్చుంది. మన వాళ్ళు పితరులను కాకిలో చూడడం ఎందుకో నాకు తెలియదుగానీ, ఈ సంగతి చదివినప్పటినుంచీ పిండం ముందు నిలబడినప్పుడు కాకిని మామూలు పక్షిగా చూడలేకపోతున్నాను.

రాత్రి అందరూ పడుకున్నాక దీపం దగ్గర కూర్చుని ఈ మాటలు రాసుకున్నాను. ఇది శాస్త్రం కాదు, ఏ దర్శనంలోనూ లేదు. పెద్దమ్మ ప్రశ్నకు నేను ఊహించుకున్న జవాబు.

బీడులో కాలిబాటను ఎవరూ వేయరు. మనుషులు నడిచినచోట గడ్డి చచ్చి, మన్ను గట్టిపడి అది దానంతట అది పడుతుంది. పొద్దస్తమానం ఎక్కడో ఒకచోట తిరిగే మనిషి ధ్యాస కూడా అంతే. అది దేని మీదికి పదేపదే పోతుందో అక్కడ లోకంలో ఒక బాట పడుతుంది. ఆ మనిషి పోతాడు. బాట ఉంటుంది. తర్వాత వచ్చినవాడి అడుగు తనకు తెలియకుండానే అటు పడుతుంది. చైతన్యం పోతూ పోతూ వదిలేది ఈ బాటను. జ్ఞాపకం అనకూడదు దీన్ని, జ్ఞాపకం మిగిలినవాళ్ళ సొత్తు, వాళ్ళతోనే పోతుంది. ఆత్మ అనీ అనకూడదు, ఆత్మ ఎటు పోవాలో అటు పోనీ. ఇది మూడోది. దీనికి నడిచినవాడి పేరు తెలియదు. మా ముత్తవ్వ పేరు ఇంట్లో ఎవరికీ తెలియదు, ఆమె భయం మాత్రం మూడో అంతస్తులో నాలుగు ఇటుకల మీద ఉంది.

ఇక్కడిదాకా రాసి ఆగాను. నాకు కావలసింది బాట కాదు, మనిషి. ఆ బాటలో పెద్దమ్మ ఉందా?

చాలాసేపటికి ఒకటి తోచింది. మోహన రాగాన్ని ఎవరు పాడినా మోహనే. పాడిన గొంతు కాలిపోతే మోహన కాలిపోదు. ఇంకొక గొంతులో అది లేచినప్పుడు దాని అచ్చునో నకలునో అనము, మోహన అనే అంటాం. చైతన్యం కూడా పదార్థం కాకుండా ఒక నడక అయితే, ఆ నడక ఇంకొకరిలో సాగినంతసేపు అది ఎవరిదని అడగడానికి వీల్లేదు. పెద్దమ్మ బ్రిడ్జి మీద సంచీ ఎత్తుకున్న ఆ క్షణం తొమ్మిదేళ్ళ పిల్ల కూడా అక్కడ ఉంది. గుర్తుగా కాదు. ఆ చేతుల్లోనే, ఆ ఎత్తడంలోనే.

ఇది నమ్మాలని నాకు చాలా ఉంది. నమ్మాలని ఉన్నదాన్ని అనుమానించాలని కూడా తెలుసు.

మూడు, నాలుగు రోజులు

పదకొండో దినం, పన్నెండో దినం. వంటవాళ్ళు, బంధువులు, విస్తళ్ళు, కుర్చీలు. రాయడానికి తీరిక లేదు. ప్రేత రూపంలో ఉన్న ఆమెను పితరులతో కలిపే పిండం అన్న చేతుల మీదుగా జరుగుతుంటే చూశాను. ఒక పిండాన్ని మూడు చేసి, పైతరాల మూడు పిండాల్లో కలిపేశారు. కలిపాక ఏది ఎవరిదో చెప్పలేం. పేర్లు మూడు తరాల దాకే చదువుతారు. ఆ పైవాళ్ళకు పేరు లేదు.

నాలుగో రోజు సాయంత్రం కాళ్ళు సాగదీసుకుందామని అస్మాన్‌గఢ్ గుట్ట మీది ఫ్రెంచి సేనాని సమాధి దాకా నడిచాను. పేరు రేమండ్. నిజాం కొలువులో ఉండి 1798 మార్చి 25న పోయాడు. ముస్లింలు మూసా రహీం అన్నారు, హిందువులు మూసా రామ్ అన్నారు. పేటకు మూసారాంబాగ్ అన్న పేరు అలా వచ్చింది. మెట్రో రైల్లో రోజూ వేలమంది ఆ పేరు వింటూ దిగుతారు. ఆయన గురించి ఒక్కరికీ ధ్యాస ఉండదు. ముత్తవ్వకు బాట మిగిలింది, పేరు పోయింది. ఈయనకు పేరు మిగిలింది, బాట పోయింది. రెంటిలో ఏది ఎక్కువ మిగలడమో నాకు సందేహం లేదు.

అయిదో రోజు

పబ్లిక్ గార్డెన్స్‌లోని పురావస్తు మ్యూజియంకు పోయాను. చిన్నప్పుడు పెద్దమ్మ చేయి పట్టుకుని మమ్మీని చూడడానికి వచ్చింది ఇక్కడికే. ఆరో నిజాం అల్లుడు నజీర్ నవాజ్ జంగ్ కొని తెచ్చి ఏడో నిజాంకు ఇచ్చాడు, ఆయన 1930లో మ్యూజియంకు ఇచ్చాడు. రెండున్నర వేల ఏళ్ళ కిందటి ఈజిప్టు యువతి. గాజుపెట్టెలో ఇంత చిన్నగా ఉంటుందని గుర్తులేదు.

ఎదురుగా చాలాసేపు నిలబడ్డాను. మిగిలేదాని గురించి ఈజిప్టు వాళ్ళు ఆలోచించినంతగా ఇంకెవరూ ఆలోచించి ఉండరు. మనిషిని వాళ్ళు ఒక్కటిగా చూడలేదు. ప్రాణశక్తిని కా అన్నారు, పక్షిలా ఎగిరే ఆత్మను బా అన్నారు, పేరు అన్నారు, నీడ అన్నారు, గుండె అన్నారు. ఇవన్నీ మనిషిలోని వేరువేరు భాగాలు. నీడ కూడా మనిషిలో భాగమేనని తలచిన వాళ్ళంటే నాకు గౌరవం. ఆలోచన ఉండేది గుండెలోనని నమ్మారు కాబట్టి గుండెను శవంలోనే ఉంచేవారు. మెదడును మాత్రం ముక్కులోంచి కొక్కేలతో లాగి పారేసేవారు. అంత శ్రద్ధ, అన్ని నారబట్టల చుట్లు, ఇన్ని వేల ఏళ్ళు. ఈ అమ్మాయి దేహం మిగిలింది. ఈమె బతికుండగా దేనికి ఉలిక్కిపడేదో, ఏ వస్తువును తిన్నగా సర్దకుండా నిద్రపోలేకపోయేదో, అది ఎక్కడుంది? ఈమె పిల్లల పిల్లల్లో ఎవరో నైలు ఒడ్డున ఇవాళ కుండను అదే పక్కకు ఒరిగించి పెడుతూ ఉండొచ్చు. ఈ గాజుపెట్టెలో మాత్రం లేదు.

నా పక్కన ఒక తల్లి ఇద్దరు పిల్లలకు చూపిస్తోంది. చిన్నవాడు భయపడి ఆమె వెనక్కి పోయాడు. నేనూ సరిగ్గా అలాగే పెద్దమ్మ వెనక్కి పోయాను. అప్పుడామె నన్ను ముందుకు లాగలేదు, "భయమైతే చూడకు, మళ్ళొచ్చినప్పుడు చూద్దువు" అన్నది. మళ్ళీ రావడానికి నలభై ఏళ్ళు పట్టింది.

ఇంటికి వచ్చేసరికి అన్న బాల్కనీలో ఒక్కడే కూర్చుని ఉన్నాడు. పెద్దమ్మ పోయిన రోజు, ఆమె ముందే చెప్పి ఉంచినట్టు, కంటి బ్యాంకుకు ఫోన్ చేశారు. ఆరు గంటల్లోపు తీయాలి కాబట్టి వాళ్ళు వెంటనే ఇంటికే వచ్చి కార్నియాలు తీసుకుపోయారు. అన్న మనసులో ఒకటి మెదులుతోంది.

"తమ్మీ, అమ్మ కండ్లు పెట్టుకున్నోళ్ళు సూసేది అమ్మ సూపేనా?"

అవునందామని నోటిదాకా వచ్చింది. ఈ రోజుల్లో అతనికి అది ఓదార్పు. కానీ అన్నకు అబద్ధం చెప్పలేను. కార్నియా అంటే కంటికి ముందుండే అద్దం లాంటి పొర. దానిలో రక్తనాళాలు కూడా ఉండవు, గాలిలోంచీ కన్నీళ్ళలోంచీ ప్రాణవాయువు తీసుకుని బతుకుతుంది. అది వెలుతురును లోపలికి వదులుతుంది, చూసినదాన్ని దాచుకోదు. ఈ మాటే చెప్పాను. కిటికీ ఇచ్చింది అన్నా, కిటికీలోంచి చూసే మనిషి వేరు అన్నాను.

అన్న కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "కిటికీ తీసి పెట్టేది అమ్మనే గద పొద్దుగాల లేస్తూనె. ఎవరు లేవకున్నా అన్ని కిటికీలు తీసేది" అన్నాడు. నేను తల వంచుకున్నాను. చెప్పవలసింది నేను చెప్పాను, అతను దాన్ని నాకంటే దూరం తీసుకుపోయాడు.

ఆరో రోజు

ఉస్మానియా ఆస్పత్రి ఆవరణలోని చింతచెట్టు దగ్గరికి పోవాలని వచ్చిన రోజునుంచీ ఉంది. వాన తెరిపిచ్చింది. మలక్‌పేట నుంచి అఫ్జల్‌గంజ్ వైపు ఆటోలో పోయి లోపలికి నడిచాను.

తుగ్యానీ రోజున దాదాపు 150 మంది ఈ చెట్టెక్కి బతికారు. రెండు రోజులు కొమ్మల మీదే ఉన్నారు. కింద నుంచి పైకి చూస్తే ఆ కొమ్మలు ఇప్పటికీ మనిషి కూర్చోదగిన వెడల్పున ఉన్నాయి. బెరడు మీద అరచేయి పెట్టాను. గరుకుగా, తడిగా ఉంది. ఆ రాత్రి దీన్ని పట్టుకున్న చేతులు ఎంత గట్టిగా పట్టుకుని ఉంటాయి! లోకంలో దేని మీదా పెట్టనంత ధ్యాస ఈ బెరడు మీద పెట్టి ఉంటాయి. నా ఊహ నిజమైతే, ఈ ఊళ్ళో అన్నిటికంటే లోతైన బాట ఈ చెట్టు మీద పడి ఉండాలి.

అలా ఏమీ అనిపించలేదు. చెట్టు చెట్టులాగే ఉంది. ఆ మాట రాయకపోతే నిజాయితీ కాదు.

ఉర్దూ కవి అమ్జద్ హైదరాబాదీ ఆ వరదలో తల్లినీ, భార్యనూ, కూతుర్నీ పోగొట్టుకుని ఒక్కడే మిగిలాడు. మిగలడం అన్న మాట చెట్టు కింద నిలబడి అనుకుంటుంటే నాకు వేరేగా వినిపించింది. ఇన్ని రోజులూ పోయినవాళ్ళు మిగిల్చేది ఏమిటని వెతుకుతున్నాను. వాళ్ళు మిగిల్చింది మొట్టమొదట ఆయన్ను.

చెట్టు చుట్టూ రోగుల వెంట వచ్చినవాళ్ళు కూర్చుని ఉన్నారు. టిఫిన్ డబ్బాలు, నీళ్ళ సీసాలు, ఎక్స్‌రే కవర్లు. చాలామంది సంచులు ఒళ్ళోనే పెట్టుకున్నారు. అది దొంగల భయం, వరద భయం కాదు, తెలుసు. అయినా చూస్తూ ఉండిపోయాను. చేతులు చేసే పని మాత్రం ఒక్కటే.

అక్కడే నా ఊహకు ఒక సవరణ తట్టింది. వరద తర్వాత నిజాం ప్రభుత్వం మోక్షగుండం విశ్వేశ్వరయ్యను పిలిపించింది. ఆయన సలహాతో మూసీ మీద 1920కి ఉస్మాన్‌సాగర్ (జనం గండిపేట అనేది దీన్నే), మూసీలో కలిసే ఈసీ మీద 1927కి హిమాయత్‌సాగర్ కట్టారు. వరదను ఆపడానికి ఊరు తన బీరువా కింద పెట్టుకున్న ఇటుకలవి. కానీ మా పెద్దమ్మ తరానికి గండిపేట అంటే వరద గుర్తుకు రాదు, నీళ్ళు గుర్తుకొస్తాయి. "గండిపేట నీళ్ళు తాగినోడు హైదరాబాదు ఇడ్సి పోడు" అనేది. పదిహేను వేల మంది చావులోంచి లేచిన భయం, కొన్ని తరాల పిల్లల గొంతు తడిపింది. ఆ నీళ్ళు తాగుతూ ఎవరూ భయపడలేదు.

మరి అప్పుడు బాట ఎవరిది? భయం పోయి పని మిగిలితే, ఆ తొమ్మిదేళ్ళ పిల్ల అందులో ఇంకా ఉన్నట్టా, వెళ్ళిపోయినట్టా? రాగం పోలిక ఇక్కడ పనిచేయదు. స్వరాలన్నీ అవే ఉండి, పాట వేరైంది. ఆటోలో వస్తూ చాదర్‌ఘాట్ దగ్గర మూసీని చూస్తూ దీని గురించే ఆలోచించాను. తెమల్లేదు.

రాత్రి భోజనాల దగ్గర అన్న, పెద్దమ్మ గదికి సున్నం వేయించి పిల్లలకు ఇస్తానన్నాడు. బీరువా అక్కడే ఉంటుంది. ఇటుకలు మాత్రం తీసేద్దాం, చిన్నదాని కాలివేళ్ళు రెండుసార్లు తగిలినయి అన్నాడు. నేను వద్దనబోయి ఆగాను. ఆ ఇల్లు వాళ్ళది.

ఏడో రోజు

ఆరింటికే ఆటో చెప్పుకున్నాను. లేచేసరికి గదిలో కిటికీలన్నీ తీసి ఉన్నాయి. ఎవరు తీశారో అడగలేదు. అన్న బీరువా పక్కన గొంతుక్కూర్చుని, ఒక కాలు ఎత్తితే ఇటుక లాగొచ్చా అని చూస్తున్నాడు. నన్ను చూసి, "ఒక చెయ్యెయ్యి తమ్మీ" అన్నాడు.

వదినది ఆదిలాబాద్. మూసీని పెళ్ళయ్యాకే చూసింది. తుగ్యానీ కథ ఆమె విన్నదో లేదో కూడా నాకు తెలియదు. చీపురుతో లోపలికి వచ్చి అన్నను భుజం మీద తట్టింది.

"తియ్యకుర్రి. అవి ఉంటేనే కిందికి చీపురు పోతది. అత్తమ్మ ఉన్నప్పటికెంచి గట్లనే ఊడుస్తున్న. నేల మీద పెడితే దుమ్మంత ఆడనే ఉంటది."

అన్న లేచి చేతులు దులుపుకున్నాడు. కింద ఆటో హారన్ మోగింది. వదిన వంగి, చీపురును నాలుగు ఇటుకల మధ్యలోంచి లోపలికంటా తోసింది. అది అవతలి గోడకు తగిలి, దుమ్మును లాక్కుంటూ ఇవతలికి వచ్చింది.